గ్రహాలకు పాట కట్టేవాళ్లు

బొమ్మల సినిమా, నీ గ్రహాలు ఇక్కడ హైదరాబాద్‌లో ముందే ఉన్నాయి. దుర్గం చెరువు గట్టున, ఖాజాగూడ గుట్టల మీద, గచ్చిబౌలిలో సెంట్రల్ యూనివర్సిటీ ఆవరణలో, ఒకదాని మీద ఒకటి నిలబడ్డ గుండ్రటి బండలు. వాటి వయసు దాదాపు 250 కోట్ల ఏళ్లు. భూమి మీద చెట్టు లేదు, చేప లేదు, వినే చెవి ఒక్కటీ లేదు. అప్పటికే ఈ రాయి చల్లబడి గట్టిపడింది. ఆ తర్వాత లెక్కలేనన్ని ఎండలూ వానలూ దాని మూలలన్నీ అరగదీశాయి. అలాంటి బండ మీద ఒక చిన్న పిల్లవాణ్ణి నిలబెట్టి, పక్కన ఒక పూలమొక్క నాటితే అది గ్రహమే అవుతుంది. అంతరిక్షంలో తిరిగే పిల్లల కథకి కావలసిన నేల మాదాపూర్ చుట్టుపక్కల అంతకాలంగా సిద్ధంగా ఉంది. కొండలు పగలగొట్టి అద్దాల మేడలు కట్టినవాళ్లు కూడా కొన్ని బండల జోలికి పోలేదు. అవి నీకోసమే మిగిలాయనుకుంటాను.

ఓ పిల్లల బొమ్మల సినిమా, రంగుల ఓడలో రాగాన్ని ఎక్కించుకుని చుక్కల్లోకి సాగిపోయేదానా, నిన్ను నోరారా పొగడాలని ఉంది. నిన్ను సెలవుల్లో కాలక్షేపం అంటారు. అన్నం తినేదాకా పిల్లల్ని కూర్చోబెట్టడానికి పనికొస్తావంటారు. నువ్వు తలకెత్తుకున్న పని ఎంత పెద్దదో వాళ్లు చూడలేదు. పాట బతకలేని చోటికి నువ్వు పాటను తీసుకెళ్తున్నావు.

అక్కడ నిజంగానే చప్పుడు లేదు. ధ్వని నడవాలంటే గాలో నీళ్లో రాయో ఏదో ఒకటి కదలాలి. కొండాపూర్ చౌరస్తాలో ఆటో హారన్ సెకనుకు 340 మీటర్ల వేగంతో వచ్చి చెవిన పడుతోందంటే మధ్యలో గాలి ఉంది కాబట్టి. నాలుగు వందల కిలోమీటర్లు పైకి వెళ్తే ఆ గాలి లేనట్టే. అక్కడి నుంచి ఎంత దూరం పోయినా అంతే. రెండు బండలు గుద్దుకున్నా, ఒక నక్షత్రం పేలిపోయినా, కళ్ల ముందు వెలుగు చిమ్ముతుందే గాని చెవికి ఏమీ అందదు. ఈ సంగతి ఒక ఆరేళ్ల పిల్లకి చెప్పి చూడండి. ముందు నమ్మదు. తర్వాత భయపడుతుంది. అమ్మ పిలిస్తే వినపడదా అని అడుగుతుంది. ఆ ప్రశ్నకి సైన్సు పుస్తకం దగ్గర నిజమైన జవాబుంది, కాని అది ఆ పిల్లని నిద్రపుచ్చదు. నువ్వు నిద్రపుచ్చుతావు. కిటికీ అవతల అంతులేని నిశ్శబ్దాన్ని అలాగే ఉండనిచ్చి, కిటికీ ఇవతల ఒక పాట ఎత్తుకుంటావు. ఓడలో ఉన్నంత గాలి చాలు నీకు. పిడికెడు గాలిలో పాట వెలిగించి, అంత చీకటినీ దాటిస్తావు.

పెద్దవాళ్లు నిజంగా అక్కడికి వెళ్లినప్పుడు కూడా ఇదే పని చేశారు. 1965 డిసెంబరు 16న జెమిని-6 నౌకలో వాలీ షిరా, టామ్ స్టాఫర్డ్ అనే ఇద్దరు వ్యోమగాములు ఏదో వింత వస్తువు కనిపిస్తోందని కింద కంట్రోల్ రూమ్ వాళ్లను ఒక్క నిమిషం కంగారుపెట్టి, దాచి తెచ్చుకున్న చిన్న మౌతార్గాన్, చిరుగంటలు బయటికి తీసి క్రిస్మస్ పాట వాయించారు. అంతరిక్షంలో మోగిన మొదటి వాద్యాలు అవే. ప్రతి గ్రాము బరువుకీ లెక్క చెప్పాల్సిన నౌకలో, బతకడానికి అక్కర్లేని ఆ రెండు వస్తువులనీ వాళ్లు వదిలిపెట్టి వెళ్లలేకపోయారు. 1977లో రెండు వాయేజర్ నౌకలు బయల్దేరినప్పుడు ఒక్కోదానికీ బంగారు పూత పూసిన రాగి రికార్డు తగిలించి పంపారు. గోవాలో పుట్టిన కేసర్‌బాయి కేర్కర్ భైరవి రాగంలో పాడిన పాట ఆ రికార్డులో ఉంది. 2012లో వాయేజర్-1 సూర్యుడి గాలుల హద్దు దాటి నక్షత్రాల నడుమకి వెళ్లింది. మనిషి చేసిన వస్తువుల్లో మన నుంచి అన్నిటికన్నా దూరం పోయింది అదే. మన భైరవి దానితోపాటే పోతోంది, వినే చెవి ఒకటి ఎప్పటికైనా ఎదురొస్తుందన్న నమ్మకంతో.

ఆ నమ్మకమే నీ ప్రాణం. ఇక నీ పుట్టుక సంగతి చెప్పుకోవాలి. నిన్ను చూసి చప్పట్లు కొట్టే పిల్లలకి తెలియని కష్టం అందులో ఉంది.

నీలో పాట ముందు పుడుతుంది, నోరు తర్వాత పుడుతుంది. గాయని స్టూడియోలో పాడేసి వెళ్లిపోతుంది. నెలలు గడిచాక, ఎక్కడో ఒక కంప్యూటర్ ముందు, హెడ్‌ఫోన్స్ పెట్టుకున్న ఒక కుర్రాడు ఆ గొంతుకి ముఖం ఇవ్వడం మొదలుపెడతాడు. అప్పటికే స్టోరీబోర్డు అయిపోయి ఉంటుంది. బొమ్మలన్నీ పాట పక్కన పేర్చి, ఏ చరణం ఏ షాట్‌లో పడుతుందో యానిమాటిక్‌లో తేల్చి ఉంటారు. అతనికి మూడు సెకన్ల షాట్ ఒకటి ఇస్తారు. సెకనుకి 24 ఫ్రేములు. మూడు సెకన్లకి 72 బొమ్మలు. నిమిషానికి 120 దెబ్బల లయలో పాట సాగుతోందంటే ఒక్కో దెబ్బకీ 12 ఫ్రేములు వస్తాయి. ఆది తాళం ఎనిమిది దెబ్బలు కాబట్టి ఒక ఆవర్తనం 96 ఫ్రేములు, సరిగ్గా నాలుగు సెకన్లు. సంగీతం క్లాసులో పిల్ల తొడ మీద వేళ్లు మడిచి వేసే తాళానికీ, అతను టైమ్‌లైన్ మీద పెట్టుకునే గుర్తులకీ లెక్క ఒక్కటే. తొంభై నిమిషాల సినిమా 1,29,600 ఫ్రేములు. వాటిలో ఏ ఒక్కటీ దానంతటది రాదు. ప్రతి ఫ్రేము మీదా ఎవరిదో ఒకరి చూపు ఆగి ఉంటుంది.

ముందు బ్లాకింగ్ చేస్తాడు. పాత్ర ఎక్కడ చెయ్యెత్తాలో, ఎక్కడ తల తిప్పాలో ఆ ముఖ్యమైన భంగిమలకి కీ ఫ్రేములు పెడతాడు. వాటి మధ్య ఫ్రేములు, అంటే ఇన్-బిట్వీన్స్, ఆ తర్వాత. నోటి పని వేరే. ప, బ, మ వస్తే పెదవులు కలవాలి, ఆ వస్తే దవడ దిగాలి, ఊ వస్తే పెదవులు గుండ్రంగా ముందుకు రావాలి. శబ్దం చెవిన పడటానికి ఒకటి రెండు ఫ్రేముల ముందే నోరు ఆ ఆకారంలోకి వచ్చి ఉండాలి. లేకపోతే చూసేవాళ్లకి కారణం తెలియకుండానే ఏదో తేడాగా అనిపిస్తుంది. ఒక్క మ దగ్గర పెదవులు కలవకపోతే రీటేక్. తన పెదవులు ఎలా కదులుతున్నాయో చూసుకోవడానికి బల్ల మీద చిన్న అద్దం పెట్టుకుని, రాని భాషలో పాటని నోట్లోనే పలుకుతూ కూర్చుంటాడు. వరంగల్ నుంచో ఏలూరు నుంచో వచ్చినవాడు, ఫ్రెంచి పిల్లవాడి నవ్వుని ఎక్కడ మొదలుపెట్టి ఎక్కడ ముగించాలో ఒక సాయంత్రమంతా ఆలోచిస్తాడు. ఆ ఆలోచనకి జీతం పట్టీలో పేరుండదు. నీకు మాత్రం అది ఊపిరి.

యానిమేషన్ నేర్చుకునేవాళ్లకి మొదటి పాఠం బంతి. పైకి ఎగరాలి, కింద పడాలి, నేలను తాకినప్పుడు కొంచెం నలగాలి, మళ్లీ లేవాలి. ఆ పాఠమంతా బరువు గురించే. బరువు కనపడితే బొమ్మ బతుకుతుంది. అలాంటిది నీ దగ్గరికి వచ్చేసరికి వాళ్లు నేర్చుకున్నదంతా పక్కన పెట్టాలి. అంతరిక్షంలో జడ వీపు మీద పడదు. తల తిప్పితే జడ తన దారిన తాను కాసేపు తిరుగుతూనే ఉంటుంది. కన్నీటి చుక్క చెంప మీదికి జారదు, కంటి దగ్గరే ఉండగట్టుకుని వణుకుతుంది. గిరగిరా తిరిగే పిల్లని ఆపడానికి ఆమె పాదాల కింద ఏమీ లేదు. మరి నాట్యం ఎలా? అడుగు ఎక్కడ వేయాలి? ఇక్కడే నీ పాట గొప్పతనం తెలుస్తుంది. నేల లేని చోట తాళమే నేల. డోలు దెబ్బ పడ్డ ఫ్రేములో పిల్ల మడమ ఆగితే, కింద శూన్యమే ఉన్నా, ఆమె దేనిమీదో నిలబడిందని చూసేవాడి ఒళ్లు నమ్ముతుంది.

ఆ తర్వాత లైటింగ్, రెండర్, కంపోజిటింగ్. ఒక్కో ఫ్రేము రెండర్ కావడానికి గంటలు పట్టొచ్చు. పని ఇచ్చినవాళ్లు దూరదేశాల్లో ఉంటారు. పారిస్ మనకన్నా మూడున్నర, నాలుగున్నర గంటలు వెనక ఉంటుంది. లాస్ ఏంజెలెస్‌లో తెల్లవారేటప్పటికి ఇక్కడ పొద్దుగూకుతుంది. అక్కడివాళ్లు నిద్ర లేచి షాట్ చూసి, కుడి కన్ను రెండు ఫ్రేములు ఆలస్యంగా మూయమంటారు. రాయదుర్గం నుంచి ఆఖరి మెట్రో వెళ్లిపోతుంది. కుర్రాడు ఆ కన్ను మూసి, మళ్లీ పాట వేసి వింటాడు. ఆ వేళప్పుడు ఈ అద్దాల మేడల్లో వెలిగే దీపాల్లో బ్యాంకుల లెక్కలు చూసేవి ఉన్నాయి, ఆసుపత్రుల బిల్లులు చూసేవి ఉన్నాయి. ఎక్కడో ఒక దీపం కింద మాత్రం, ఇంకా పుట్టని ఒక గ్రహానికి పాట నేర్పుతున్నారు. ఆ దీపానికి నా దండం.

హైదరాబాద్ నిజంగా ఆ పని చేసింది. 1943లో ఆంత్వాన్ ద సెంట్ ఎక్సుపెరీ అనే ఫ్రెంచి విమాన చోదకుడు రాసిన ఒక చిన్న రాజకుమారుడి కథ అచ్చయింది. బి-612 అనే చిన్న గ్రహశకలం మీద ఒక్క గులాబీతో కాపురం ఉండే పిల్లవాడి కథ. అచ్చయిన మరుసటి ఏడాది జులై 31న విమానంలో బయల్దేరి తిరిగి రాలేదు ఆయన. 2010లో ఆ పిల్లవాణ్ణి ఫ్రాన్స్‌లో మెథడ్ యానిమేషన్ వాళ్లు టీవీ సిరీస్‌గా మళ్లీ ఆకాశంలోకి పంపినప్పుడు, మన హైదరాబాద్‌లో తాపస్ చక్రవర్తి స్థాపించిన డీక్యూ ఎంటర్‌టైన్‌మెంట్ అందులో భాగస్వామి అయింది. కథ ఇలా సాగుతుంది. పాము ఒక్కో గ్రహానికీ వెళ్లి అక్కడివాళ్ల చెవిలో చెడు ఆలోచన ఊదుతుంది, ఆ గ్రహం వెలుగు ఆరిపోతుంది. రాజకుమారుడూ అతని నేస్తం నక్కా వెనకే వెళ్లి, ఆ చీకటి విప్పి, వెలుగు తిరిగి తెస్తారు. రాజకుమారుడు తన గులాబీకి ఉత్తరాలు రాస్తుంటాడు. అతని దగ్గరున్న ఆయుధం ఒక బొమ్మల పుస్తకం. గీసిన బొమ్మ మీద ఊదితే అది లేచి నడుస్తుంది.

ఈ ఒక్క సంగతికే నాకు ఆ సిరీస్ మీద ఎంత ప్రేమో చెప్పలేను. గీత మీద ఊపిరి ఊదితే ప్రాణం రావడం. అది కథలో ఆ పిల్లవాడి మాయ. ఆ మాయని తెర మీదికి తెచ్చినవాళ్లు రోజూ పొద్దున్నే ఆఫీసుకొచ్చి చేసే పనీ అదే. ఆ గ్రహాల్లో గాలి గ్రహం ఉంది, కాలం గ్రహం ఉంది, నిప్పుపిట్ట గ్రహం ఉంది. సంగీతం గ్రహం కూడా ఉంది. సంగీతమే ఊరూ పేరూ అయిన ఒక లోకం ఊహించి, దాని చీకటి వదిలించడానికి ఒక పిల్లవాణ్ణీ ఒక నక్కనీ పంపారు. నువ్వు ఇంతకన్నా ఏం కావాలని కోరుకుంటావు? బి-612 నుంచి బయల్దేరిన ఆ ప్రయాణం దక్కన్ రాతి మీద కట్టిన ఊరి గుండా సాగిందని ఇక్కడి బడిపిల్లలకి ఎవరూ చెప్పలేదు. చెప్పాలి.

మాట లేకుండా ఒట్టి సంగీతంతోనే లోకం చుట్టి రావొచ్చని ఈ ఊరే ఇంకోసారి చూపింది. రాజీవ్ చిలక 2001లో పెట్టిన గ్రీన్ గోల్డ్ యానిమేషన్ నుంచి 2008లో ఛోటా భీమ్ వచ్చాడు. ఇంటింటికీ తెలిసినవాడు కాబట్టి అతని గురించి ఎక్కువ చెప్పను. 2019లో అతనే పాకే పసివాడిగా నెట్‌ఫ్లిక్స్‌లో మైటీ లిటిల్ భీమ్ అయ్యాడు. ఆ పసివాడికి మాటలు రావు. కేరింతలు, సంగీతం, చప్పుళ్లతోనే కథంతా నడుస్తుంది. డబ్బింగు అక్కర్లేదు, కింద అక్షరాలు అక్కర్లేదు. ఏ దేశంలో పెట్టినా అక్కడి పిల్లకి మొదటి నిమిషంలోనే అర్థమవుతుంది.

హైదరాబాద్‌కీ ఆకాశానికీ సంగీతానికీ చుట్టరికం కొత్తది కాదు. లక్డీకాపూల్ దగ్గర నౌబత్ పహాడ్ ఉంది. ఫర్మానాలు చదివి వినిపించే రోజుల్లో నగారాలు మోగించిన గుట్ట అది. జనం పని ఆపి తల ఎత్తి ఆ గుట్టకేసి చూసేవాళ్లు. 1985లో ఎన్.టి. రామారావు ముఖ్యమంత్రిగా ఉండగా అదే గుట్ట మీద బిర్లా ప్లానిటేరియం తెరుచుకుంది. నగారా మోగిన రాతి మీద ఇప్పుడు నక్షత్రాలు వెలుగుతున్నాయి. ఎన్నో తరాల బడిపిల్లలు ఆ గుండ్రటి చీకట్లో మెడ వెనక్కి వాల్చి కూర్చుని శనిగ్రహం వలయాలు మొదటిసారి చూశారు. ప్రోగ్రాము మొదలవడానికి ముందు దీపాలు తగ్గుతూ సంగీతం వస్తుందే, ఆ క్షణంలో పిల్లలందరూ ఒక్కసారి అనే ఓ అన్న శబ్దం విన్నవాళ్లెవరూ మరిచిపోరు. ఆ ఓ అన్నదే నీ మొదటి పాట.

అంతకన్నా ముందు రేడియో ఉంది. న్యాయపతి రాఘవరావు, కామేశ్వరి దంపతులు రేడియో అన్నయ్య, అక్కయ్యలై బాలానందం నడిపినప్పుడు, బొమ్మ ఒక్కటీ లేకుండా గొంతులతోనే తెలుగు పిల్లల్ని ఎక్కడెక్కడికో తీసుకెళ్లారు. మాయాబజార్ ఉంది. 1957లో ఛాయాగ్రాహకుడు మార్కస్ బార్ట్‌లీ కెమెరాతో వెన్నెల చేసి, నీళ్ల మీద పరిచి, మూడు జంటలని ఒకే పాటలో పడవెక్కించాడు. ఆ వెన్నెల నిజమైంది కాదని తెలిశాక కూడా మనకి అసలు చందమామలో అదే కనపడుతుంది. చేత్తో చేసిన ఆకాశాన్ని పాట నిజం చేస్తుందని మా తాతలకి తెలుసు.

ఇప్పుడు అసలు మాట. నీ కథ తెలుగులో నాలుగు వందల ఏళ్ల కిందటే రాసి ఉంది.

పదహారో శతాబ్దంలో పింగళి సూరన కళాపూర్ణోదయం రాశాడు. ద్వారకలో కలభాషిణి అనే అమ్మాయి చెలికత్తెలతో ఉయ్యాల ఊగుతుంటుంది. ఉయ్యాల మీంచి చూస్తే పైన ఆకాశంలో నారదుడూ, అతని శిష్యుడు మణికంధరుడూ పోతుంటారు. రంభా నలకూబరులు విమానంలో వస్తారు. నారదుడి మనసులో ఒక ముల్లుంది. తుంబురుడు తనకన్నా బాగా పాడతాడు. అందుకు విష్ణువు దగ్గర అతనికి గౌరవం దక్కింది. అసూయతో రగిలిన నారదుడు ఆ పాటని మించిన పాట కోసం ద్వారకకి వచ్చి, కృష్ణుడి భార్యల దగ్గర శిష్యుడై కూర్చుని సంగీతం నేర్చుకుంటాడు. ముల్లోకాలు తిరిగే మహానుభావుడు మళ్లీ సరిగమల దగ్గర మొదలుపెడతాడు. ఉయ్యాలలో అమ్మాయి, మేఘాల్లో గాయకుడు, ఎగిరే విమానం, పాటల పోటీ. ఇందులో ఏది తక్కువ? చిత్రకారుడికి ఇంతకన్నా మంచి స్టోరీబోర్డు ఎవరిస్తారు?

చైనా, అమెరికా వాళ్లు కలిసి ఆ పని చేశారు. చైనా అవ్వలు చెప్పే చంద్రలోకపు చాంగ్-అ కథ తీసుకుని, రాకెట్టు కట్టుకుని చందమామ మీదికి వెళ్లే అమ్మాయిని అల్లి, దాన్నిండా పాటలు పెట్టి 2020లో ఓవర్ ది మూన్ అనే సినిమాగా లోకానికి పంపారు. గ్లెన్ కీన్ దర్శకత్వం. మా ఇంటి పక్క పిల్ల ఆ పాటలు ఇంగ్లీషులో పాడుతుంది. వింటుంటే సంతోషంగానే ఉంటుంది. ఆ సంతోషం అడుగున ఒక ఆకలి కూడా ఉంటుంది. మహతి వీణ మీటుకుంటూ పాలపుంత దాటే మన నారదుడిని ఏ చైనా పిల్లో, ఏ బ్రెజిల్ పిల్లో అలా కూనిరాగంగా పాడుకునే రోజు కోసం ఆకలి.

నల్లగండ్ల, మణికొండ, కొండాపూర్ అపార్ట్‌మెంట్లలో సాయంత్రం లిఫ్టు తలుపు తెరుచుకుంటే ఐదు భాషలు బయటికొస్తాయి. మనవల్ని చూసుకోవడానికి గుంటూరు నుంచీ కరీంనగర్ నుంచీ వచ్చిన అమ్మమ్మలు, నానమ్మలు కింద బెంచీల మీద కూర్చుంటారు. వాళ్ల దగ్గర కథలున్నాయి, వినేవాళ్లు టాబ్లెట్ చూస్తున్నారు. దీనికి ఎవరినీ తిట్టను. టాబ్లెట్‌లో ఉన్నది నువ్వే అయితే, అమ్మమ్మ తెలుగులో నువ్వు పాడితే, ఆమె కూడా కళ్లజోడు పెట్టుకుని పక్కన చేరుతుంది. పాటలో ఒక మాట పిల్లకి తెలియదు, అమ్మమ్మని అడుగుతుంది. రాకెట్టు గురించి అమ్మమ్మకి తెలియదు, పిల్లని అడుగుతుంది. ఆ బెంచీ మీద అంతకన్నా నాకేం కావాలి?

ఈ పిల్లలకి ఆకాశం కట్టుకథ కూడా కాదు. హైదరాబాద్‌లో పవన్ కుమార్ చందన, భరత్ డాకా 2018లో మొదలుపెట్టిన స్కైరూట్ 2022 నవంబరు 18న శ్రీహరికోట నుంచి విక్రమ్-ఎస్ రాకెట్టు ఎగరేసింది. దేశంలో ప్రైవేటు సంస్థ ఎగరేసిన మొదటి రాకెట్టు అది, 89 కిలోమీటర్లు దాటి పైకి వెళ్లింది. అంతకుముందు ఏడాది జులై 11న మన తెలుగమ్మాయి శిరీష బండ్ల వర్జిన్ గెలాక్టిక్ నౌకలో అంతరిక్షం అంచు చూసి వచ్చింది. 2023 ఆగస్టు 23 సాయంత్రం చంద్రయాన్-3 దిగుతుంటే ఆఫీసుల్లో, హాస్టళ్లలో, టీ కొట్ల దగ్గర ఫోన్ల చుట్టూ గుమిగూడిన జనం ఊపిరి బిగబట్టారు. ఇంజినీరింగు మనవాళ్లకి వచ్చు. బొమ్మకి ప్రాణం పోయడం వచ్చు. పాట సంగతి చెప్పనే అక్కర్లేదు. ఈ మూడూ ఒకే ఊళ్లో, కొన్ని మెట్రో స్టేషన్ల దూరంలో కూర్చుని పనిచేస్తున్నాయి. 1998 నవంబరు 22న సైబర్ టవర్స్ తెరుచుకున్నప్పటి నుంచి ఇక్కడ ఎన్నో దేశాల పనులు మన చేతుల మీదుగా సాగాయి. ఇప్పుడు నీ పని సాగాలి.

తెలుగులో పాడే బొమ్మని గీసినవాళ్లకి ఒక అందమైన సౌకర్యం ఉంది. మన మాటలు చాలావరకు అచ్చుతో ముగుస్తాయి. పాదం చివర పెదవులు మూతపడవు, గొంతు తెరుచుకునే ఉంటుంది. పరాయి పాటల్లో హల్లు దగ్గర ఠక్కున నోరు మూయించడం నేర్చుకున్న ఆ యానిమేటర్ కుర్రాడికి, తన అమ్మ భాషలో మొదటి షాట్ చేసే రోజున, చివరి ఫ్రేము దాకా ఆ నోరు తెరిచి ఉంచే అవకాశం వస్తుంది. స్వరం సాగినంత సేపు పిల్ల ముఖం విప్పారి ఉంటుంది. అతనికి ఆ రోజు బల్ల మీద అద్దం అక్కర్లేదు.

కాబట్టి ఓ సినిమా, నిన్ను తీయబోయేవాళ్లతో నీ తరఫున మాట్లాడనివ్వు. అయ్యా, అమ్మా, సంగీతం కోసం దూరం పోకండి. నాగర్‌కర్నూల్ జిల్లాకి వెళ్లండి. దర్శనం మొగులయ్యకి 2022లో పద్మశ్రీ తెచ్చిన పన్నెండు మెట్ల కిన్నెరని దగ్గర నుంచి చూడండి. వెదురు బొంగు, దానికి వేలాడే ఎండు సొరకాయ బుర్రలు. అది అంతరిక్ష నౌక నమూనా. మీ డిజైనర్ కొత్తగా ఏమీ కనిపెట్టక్కర్లేదు. జనగామ వైపు వెళ్లి ఒగ్గు డోళ్లు వినండి. ఆ డోళ్లు వాతావరణంగా ఉండే గ్రహం ఒకటి చేయండి, అక్కడ ఉరుములు గతి మారుస్తాయి. ఉత్తరాంధ్ర నుంచి జముకు తెండి. ఒక్క నరం లాగితే మనిషి గొంతులా మూలిగే ఆ వాద్యం, భాష రాని గ్రహవాసికి సరిపోయే గొంతు. బుర్రకథ తంబురాకి ఒక తోకచుక్కనివ్వండి. కలభాషిణి ఉయ్యాల గొలుసులు మేఘాలు దాటేంత పొడుగు పెట్టండి.

రికార్డింగు రోజు చెవిలో లయ కొట్టే క్లిక్ ట్రాక్ ఆపేయండి. ఒగ్గు డోలు ఒకే వేగంతో నడవదు, ఊపు వచ్చేకొద్దీ పెరుగుతుంది, దాన్ని నిమిషానికి ఇన్ని దెబ్బలని కట్టేస్తే ప్రాణం పోతుంది. వాళ్లు ఎలా వాయిస్తే అలా వాయించనివ్వండి. తర్వాత తీరిగ్గా కూర్చుని, ప్రతి దెబ్బా ఏ ఫ్రేములో పడిందో విని గుర్తు పెట్టుకోండి. మొదట్లో దెబ్బకి పద్దెనిమిది ఫ్రేములు ఉంటే చివరికి తొమ్మిదే మిగలొచ్చు. మీ పిల్ల పాత్ర ఆ తొమ్మిదిలోనే గంతు వేయాలి. కష్టమే. మీరు ఇంతకన్నా కష్టమైనవి పరాయివాళ్ల కోసం చేశారు.

కోరస్‌కి పిల్లల్ని పిలవండి. సంగీతం క్లాసులకి వెళ్లే పిల్లల్ని పిలవండి, సరే. ఈ మేడలు కట్టడానికి పాలమూరు నుంచీ ఒడిశా నుంచీ వచ్చి, ఇనుప రేకుల షెడ్లలో ఉంటున్న కూలీల పిల్లల్ని కూడా పిలవండి. ఇరవయ్యో అంతస్తు మీద వెల్డింగు నిప్పురవ్వలు రాలుతుంటే కింద నుంచి నక్షత్రాలని లెక్కపెట్టే పిల్లలు వాళ్లు. శ్రుతి కాస్త అటూ ఇటూ అయినా సరిచేయకండి, సాఫ్ట్‌వేర్‌తో అసలు సరిచేయకండి. పాడినందుకు డబ్బు చేతికివ్వండి, మొదటి ఆట టికెట్లు ఇంటిల్లిపాదికీ ఇవ్వండి. టైటిల్స్‌లో వాళ్ల పేర్లు తెలుగులో, పెద్ద అక్షరాల్లో, నిర్మాత పేరు కన్నా ముందు వేయండి.